తాటిచెట్టు మీది పట్నం

ఆ రోజు పొద్దున ఎల్లస్వామి పెట్టుకున్నది చిన్న పని. చెట్టెక్కాలి, కల్లు కుండను, అంటే లొట్టిని, దించాలి, దాన్ని భుజాన పెట్టుకొని నార్కట్‌పల్లికి నడవాలి. అక్కడ అతని బిడ్డ అమృతమ్మ మగపిల్లవాణ్ని కన్నది. ఎల్లస్వామి వంశంలో ఒక పద్ధతి ఉంది. తాత తన చేత్తో గీసిన మొదటి లొట్టి కల్లు ఎల్లమ్మ తల్లి ముందు ధార పోయాలి. దాన్ని సాక అంటారు. సాక పోసేదాకా పిల్లవాడికి పేరు పెట్టరు, తొట్లె కట్టరు.

చిక్కల్లా ఏమిటంటే, అతని ఊరు గుండ్లవాడలో మొదటి లొట్టి గీసినవాడిది కాదు. అది రఘుపతిరావు దొరది. చాకలి బట్టలుతికిచ్చినట్టు, కుమ్మరి కుండలిచ్చినట్టు, గొల్ల గొర్రెపిల్లనిచ్చినట్టు ఎల్లస్వామి తెల్లవారగానే మొదటి లొట్టి దొర కోటలాంటి ఇంటికి, గడికి, చేర్చాలి. దీన్ని వెట్టి అనేవారు. ఇచ్చేవాడు ఎందుకివ్వాలని అడగడు. తీసుకునేవాడు ఎందుకు తీసుకుంటున్నాడో చెప్పడు. తాతల నాటి నుంచి అలా సాఫీగా జరిగిపోతున్నది.

ఎల్లస్వామి ఆ పొద్దు మొదటి లొట్టిని తంగేడు పొదలో దాచాడు. రెండోది గడికి పంపితే దొర నాలుకకు ఏం తెలుస్తుందని అతని ధైర్యం. కాని రెండో చెట్టు దగ్గరికి పోకముందే దొర తానే వచ్చాడు. వెనక ఊరి లెక్కలు రాసే పట్వారి భీమసేనరావు వచ్చాడు. దొర భుజాన తుపాకి ఉంది, కళ్ల కింద నిద్రలేని నలుపు ఉంది. అది రజాకార్ల కాలం. సడక్ మీద నిజాం వైపు రజాకార్లు, గుట్టల్లో దొరల మీద తిరగబడ్డ సంఘంవాళ్లు. దొర వాళ్లకూ చందా ఇచ్చాడు, వీళ్లకూ చందా ఇచ్చాడు. ఇద్దరికీ ఇచ్చిన సంగతి ఇద్దరికీ తెలుస్తుందేమోనని నిద్ర మానుకున్నాడు.

"ఏమ్రా ఎల్లిగా, మొదటి లొట్టి ఏది?"

ఎల్లస్వామి మాటలు తక్కువ మనిషి. చెట్టెక్కేటప్పుడు "తల్లీ" అంటాడు, దిగినాక ఎవరైనా పలకరిస్తే "ఆ" అంటాడు. దినానికి అవే ఎక్కువ. అబద్ధమాడాలన్నా మాటలు కావాలి కదా. దిక్కుతోచక పైకి చూశాడు. నార్కట్‌పల్లి గుట్ట మీద తెల్లటి మబ్బులు గుమ్మటాల్లాగా, బురుజుల్లాగా పేర్చుకొని ఉన్నాయి.

"పట్నపోల్లు తీస్కపోయిండ్రు దొరా."

"ఏ పట్నపోల్లు రా?"

ఎల్లస్వామి వేలు పైకి లేచింది. లేచిన వేలును దించే తెలివి అప్పటికి తోచలేదు.

"ఆకాశంల పట్నమొచ్చింది, బాంచెను. తాటిమట్టల కాడ ఆగింది. ఓ చెయ్యొచ్చి లొట్టి అందుకున్నది."

ఇంకో రోజైతే ఎల్లస్వామి వీపు చిట్లేది. కాని కిందటి రోజే ఊరి మీదుగా ఒక విమానం పోయింది. ఊరంతా మంచాల కింద దూరితే, దొర వడ్ల గరిసెలో దూరాడు. ఇంకా ఆయన చెవుల్లోంచి వడ్లు రాలుతూనే ఉన్నాయి. అందుకని కొట్టకుండా పట్వారి వైపు చూశాడు. పట్వారి కానూను తెలిసినవాడు.

"దొరా, నిన్న గాలిల మోటరు పోంగ మనం జూసినం. మోటరుంటె సడక్ ఉంటది. సడక్ ఉన్నంక పట్నం ఉండదా?"

దొరకు ఇందులో తప్పు దొరకలేదు. తుపాకి చెట్టుకు ఆనించి గట్టు మీద కూర్చున్నాడు.

"పెద్దదేనారా?"

"పెద్దదే."

"కోట ఉన్నదా?"

"తెల్లగ కనవడ్డది."

"పాలరాతి కోట!" అన్నాడు పట్వారి.

"రజాకార్లున్నరా?"

"లేరు దొరా."

"సంఘపోల్లు?"

"లేరు."

దొర గుండె మీద చెయ్యి వేసుకున్నాడు. కొన్ని నెలలుగా ఆయన వెతుకుతున్నది సరిగ్గా అలాంటి జాగా.

"శిస్తు గిట్ల ఏమన్న ఉన్నదా?"

"ఏమో... లేనట్టున్నది."

"వెట్టి?"

"లేదు దొరా."

"దొరలు?"

ఎల్లస్వామి లెక్క వేసుకున్నాడు. లేరంటే కొడతాడు. ఉన్నారంటే పేర్లడుగుతాడు.

"అందరు దొరలేనట, బాంచెను."

దొర మురిసిపోయాడు. అంతలోనే ఆయన కనుబొమలు ముడిపడ్డాయి. "అందరు దొరలైతే మేనా ఎవలు మోస్తర్రా?"

ఎల్లస్వామి తన పాదాల వైపు చూసుకున్నాడు. "ఎవని కాళ్ల మీద ఆడు నడుస్తాండు దొరా."

దొర ముఖంలో జాలి పొంగింది. "అయ్యో పాపం! చెప్పేటోడు లేక గట్ల ఆగమైండ్రు."

"వెట్టి తెల్వని జనం," అని పట్వారి నాలుక చప్పరించాడు. "తమసొంటోల్లు పోయి నేర్పాలె. అయినా గా చెట్టెవలది? తమది. చెట్టు మీది గాలెవలది? తమది. గాలి మీద ఆగిన పట్నం ఇంకెవలదైతది?"

ఎల్లస్వామి పొదలోని లొట్టి వైపు చూసి, ఇదే అదననుకొని దండం పెట్టాడు. "దొరా, నేను నార్కట్‌పల్లి వోవాలె. మనుమడు..."

"మనుమడు యాడికి పోతడ్రా? పట్నం పోతది. నువ్వు చెట్టెక్కి కూసో, దిగకు. అది మల్ల రాంగనె నాకు ఖబర్ చెయ్యి."

అలా, చెట్టు దిగి పోవడానికి ఆడిన అబద్ధం ఎల్లస్వామిని తీసుకుపోయి చెట్టు మీద కూర్చోబెట్టింది. పొద్దు పొడిచింది మొదలు పొద్దు గుంకేదాకా అక్కడే కాపలా. చెట్టు మొదట్లో దొర మేనా మోసే సుంకరి పోచయ్య కాపలాకు కాపలా.

ఎల్లస్వామి భార్య ఉప్పలమ్మ సద్ది మూటతో వచ్చి, నడుము మీద చెయ్యి పెట్టుకొని పైకి చూసింది.

"ఇన్నేండ్లు నోరు తెరువని మొగడు దొరికిండని ఏడ్సిన. ఒక్కపారి తెరిస్తె పట్నమే ఊడిపడ్డది! ఆడ పిల్లగానికి పేరు లేదు, తొట్లె లేదు. నేనేం మొకం వెట్టుకొని వోవాలె?"

"ఆ," అన్నాడు ఎల్లస్వామి పైనుంచి.

"ఆ అంట, ఆ!"

మాట ఊళ్లోకి పాకింది. రెండో పొద్దు గొల్ల బుచ్చయ్య గొర్రెపిల్ల లేకుండా గడికి వచ్చాడు. ఏదిరా అంటే, "పట్నపోల్లు ఎత్కపోయిండ్రు దొరా" అన్నాడు. కుమ్మరివాళ్ల కుండలు కూడా పైకే పోయాయట. చాకలి నర్సింగమ్మ దొరసాని సుగుణమ్మ ముందు నిలబడి కళ్లొత్తుకుంది.

"ఏం జెయ్యనమ్మా, తమ చీర బండ మీద ఆరేసిన. పైకెల్లి పట్నం దొరసాని జూసింది. మోజువడ్డది."

"ఏ చీరనే? జరీ అంచుదా?"

"గదేనమ్మా."

సుగుణమ్మ లోపలికి పోయి ఒక మూట తెచ్చింది. "ఇగో, దాని రైక. రైక లేకుంట చీర ఎట్ల కడ్తదామె? నేనిచ్చిన్నని చెప్పు."

దొరకు కోపం రావలసింది. రాలేదు. పట్నంవాళ్లు తన ఊరి సొమ్ము తిని తన వైపు మొగ్గుతున్నారని ఆయన లెక్క. పైగా, కొత్త దర్బారుకు ఉత్త చేతులతో పోతే ఏం మర్యాద? గడి నుంచి నజరానాలు బయలుదేరాయి. బెల్లం దిమ్మలు, నెయ్యి డబ్బాలు, కోళ్లు, సన్నబియ్యం గంపలకెత్తి తాడు కట్టి తాటిచెట్టు మీదికి గుంజారు. ఎల్లస్వామి ఒక్క షరతు పెట్టాడు. "ఆళ్లకు సిగ్గెక్కువ దొరా. తీస్కునేటప్పుడు ఎవ్వలు జూడొద్దు." దొర మర్యాద తెలిసినవాడు కనుక గడికి పోయి తలుపేసుకునేవాడు. గంప చెట్టు ఇవతల ఎక్కి అవతల దిగేది. అవతల ఉప్పలమ్మ పంచిపెట్టేది.

గుండ్లవాడ పుట్టినాక వెట్టి వెనక్కు నడవడం అదే మొదలు. దొర ఇంటి నెయ్యి తిని సుంకరి పోచయ్య బుగ్గలు మెరిశాయి. ఊరంతా పట్నం బాగుండాలని ఎల్లమ్మకు మొక్కింది. బాగులేనిది ఎల్లస్వామి ఒక్కడికే. మట్టల నడుమ కూర్చొని, బెల్లం ముక్క చప్పరిస్తూ, నార్కట్‌పల్లి తోవ వైపు చూసేవాడు. అక్కడి నుంచి గాజులమ్మే గోపమ్మ వచ్చి ఒకరోజు చెట్టు కింద నిలబడింది.

"ఓ ఎల్లన్నా! నీ బిడ్డ చెప్పి పంపింది. పేరు లేదాయె, అందరు పిల్లగాన్ని 'ఇగో' అని పిలుస్తాండ్రు. నువ్వు ఇంక గట్లనె కూసుంటె గదే పేరైతదట."

ఎల్లస్వామికి గొంతులో బెల్లం అడ్డం పడింది.

ఇంతలో ఏటి అవతలి ఊరి నుంచి ఇంకో కబురొచ్చింది. అక్కడి దొర సుగుణమ్మ తమ్ముడు, అంటే మన దొరకు బామ్మర్ది. పడమటి గాలికి పట్నం తమ పొలిమేరలోకి వచ్చిందని, దాన్ని తమ కల్లు గీసే గౌండ్ల లింగస్వామి కళ్లారా చూశాడని, కనుక అది తనదని ఆయన చెప్పి పంపాడు. ఎల్లస్వామి ఏటి అవతలికి చూశాడు. దూరాన ఇంకో తాటిచెట్టు మీద లింగస్వామి కూర్చొని ఉన్నాడు. ఇద్దరూ ఒకరినొకరు చూసుకున్నారు. లింగస్వామి తన నెయ్యి డబ్బా ఎత్తి చూపించాడు.

దొర మాత్రం గడిలో కాలుగాలిన పిల్లిలా తిరిగాడు.

"నా బామ్మర్ది నాకంటె ముంగట ఎక్కుతడా? ఆడు పోయి ఆడ జాగా వట్టుకుంటె నేను ఆని కింద ఉండాల్నా? భీమసేనరావూ, నేనే పోత. పోచిగాన్ని గుడ తీస్కపోత. ఆడ మేనా మోసేటోల్లు లేరు, నా మేనా నేను తెచ్చుకున్నట్టయితది."

"చెట్టెట్ల ఎక్కుతరు దొరా?"

దొర చెట్టెక్కడానికి పుట్టలేదు. అందుకని బావి మోటను తెచ్చారు. తాటితల దగ్గర గిరక కట్టారు. నీళ్లు తోడే తోలు బొక్కెనను తాడుకు వేలాడదీశారు. బావిలోంచి నీళ్లు వచ్చినట్టు దొర భూమిలోంచి పైకి రావాలని ఏర్పాటు. ఇక పట్నం రావడమే తరువాయి.

అది ఒక పొద్దున వచ్చింది. ఎల్లస్వామి మొదటి లొట్టి దించి చెట్టు మొదట్లో పెట్టాడో లేదో ఆకాశం ఉరిమింది. ఒకటి వెనక ఒకటి విమానాలు హైదరాబాదు వైపు పోతున్నాయి.

"వచ్చిందిరో!" అని గడిలోంచి కేక వినిపించింది.

దొర దర్బారు బట్టల్లో వచ్చాడు. మోకాళ్ల కిందికి దిగే నల్ల షేర్వాణి, తెల్ల పైజామా, కుచ్చు ఊగే ఎర్ర రూమీ టోపీ. ఏ దర్బారైనా నిజాం దర్బారులాగే ఉంటుందని ఆయన నమ్మకం. తుపాకి భుజానికి తగిలించి, వెండి పాన్‌దాన్ చంకన పెట్టుకొని బొక్కెనలో కూర్చున్నాడు. ఎడ్లను తోలారు. బొక్కెన కిర్రుకిర్రుమంటూ లేచింది. సగం దారిలో ఎడ్లు ఒక్క క్షణం ఆగాయి. దొర కళ్లు మూసుకొని ఏటి అవతలి దొరకంటే ముందుండాలని ఎల్లమ్మకు మొక్కుకున్నాడు.

పైన ఎల్లస్వామి ఆయన్ను పట్టుకొని మట్టల నడుమ కూర్చోబెట్టాడు. పడిపోకుండా తాను చెట్టెక్కే మోకు తాడు తీసి నడుముకు, చెట్టుకు కలిపి గట్టిగా బిగించాడు.

"పట్నం ఏదిరా?"

"పిలువాలె దొరా. గొంతెత్తి పిలువాలె."

"ఏమని?"

"ఎవలన్న ఉన్నరా అని."

దొర మూడు దిక్కులకు తిరిగి పిలిచాడు. నాలుగో దిక్కుకు మోకు తిరగనివ్వలేదు. అప్పుడే సడక్ వైపు నుంచి సుంకరి పోచయ్య రొప్పుతూ ఉరికివచ్చాడు.

"అన్నా! యూనియన్ మిలటరీ వచ్చింది! నార్కట్‌పల్లి సడక్ మీద లారీలే లారీలు! రజాకార్లు ఉరుకుతాండ్రు, టోపీలు గుడ ఏరుకుంటలేరు!"

ఎడ్లు తోలేవాడు ఎడ్లను వదిలేశాడు. తాడు పట్టినవాడు తాడు వదిలేశాడు. పట్వారి తన ధోవతి కుచ్చిళ్లు ఎత్తిపట్టుకొని ఎటుపోయాడో ఎవరూ చూడలేదు. చెట్టు కింద ఒక్క క్షణంలో ఖాళీ అయింది.

"ఏమైందిరా ఎల్లిగా?"

"పట్నం ఎటున్నదో జర జూసొస్త దొరా," అన్నాడు ఎల్లస్వామి. తన జన్మలో అతను అంత పెద్ద మాట తొణకకుండా అన్నది అదే. చెట్టును వాటేసుకొని సర్రున జారి దిగాడు. లొట్టి భుజాన పెట్టుకున్నాడు. ఉప్పలమ్మ అప్పటికే నార్కట్‌పల్లి తోవలో ముందు నడుస్తున్నది.

ఆ మధ్యాహ్నం ఎల్లమ్మ ముందు మొదటి లొట్టి ధార పడింది. పిల్లవాడికి ఎల్లస్వామి తండ్రి పేరు రామస్వామి అని పెట్టి తొట్లెలో వేశారు. రామస్వామీ అంటే పిల్లవాడు గుక్కపెట్టి ఏడ్చాడు. ఇగో అంటే ఆపాడు. అయినా ఎల్లస్వామి సంతోషానికి కొదువలేదు. అల్లుడితో నాలుగు మాటలు కూడా మాట్లాడాడు.

చెట్టు మీద ఏం జరిగిందో తర్వాత పోచయ్య చెప్పాడు. మిలటరీని చూద్దామని అందరూ సడక్‌కు ఉరికితే, పోచయ్య మాత్రం నెయ్యి డబ్బా మరిచిపోయి దాని కోసం వెనక్కు వచ్చాడు. దొర పైనుంచి మిలటరీ జీపును చూశాడు. ముందు రూమీ టోపీని మట్టల సందులోకి కుక్కాడు. తర్వాత తుపాకిని కిందికి జారవిడిచాడు. తర్వాత తెల్లజెండా కోసం ఒంటిమీదంతా వెతుక్కున్నాడు. షేర్వాణి నలుపు. మిగిలింది పైజామా. మోకుకు కట్టేసి ఉన్న మనిషి దాన్ని ఎట్లా విప్పాడో పోచయ్యకు ఇప్పటికీ అర్థం కాలేదు. కాని విప్పాడు, కర్రకు కట్టినట్టు తాటిమట్టకు కట్టాడు, బలం కొద్దీ ఊపాడు.

ఆ చుట్టుపక్కల అన్నిటికంటే ఎత్తయిన చెట్టు మీద తెల్ల గుడ్డ ఎగరడం మిలటరీ ఆఫీసరు చూశాడు. శాంతి కోరే ఊరని తలచి జీపు తిప్పుకొని వచ్చి, కిందనుంచి సెల్యూట్ కొట్టాడు. సిపాయిలు ఎక్కి దొరను జాగ్రత్తగా దించారు. షేర్వాణి పొడుగు కావడం వల్ల దొర మర్యాద దక్కింది.

కొన్నాళ్లు దొర హైదరాబాదులో ఉన్నాడు. తిరిగి వచ్చేటప్పుడు నెత్తిన కాంగ్రెస్ వాళ్ల తెల్ల టోపీ ఉంది. వెంట నలుగురు పెద్దమనుషులున్నారు. తాటిచెట్టు కిందనే సభ పెట్టారు. గడి నుంచి సభ దాకా దొర మేనాలో వచ్చాడు. మేనా ముందు బొంగు పోచయ్య భుజాన ఉంది.

"అన్నలారా, అక్కలారా!" అన్నాడు దొర. "ఆ రోజు ఈ చెట్టు మీదనే ప్రాణాలకు తెగించి శాంతి జెండా ఎగరేసినా!" పోచయ్యకు దగ్గు తెర వచ్చింది. "ఇగ మన రాజ్యం వచ్చింది. శిస్తుల బాధ ఉండది. వెట్టి ఉండది. ఇగ అందరు దొరలే! ఎవరి కాళ్ల మీద వాల్లు నడుస్తరు! గిదంత మన ఎల్లస్వామి గారసొంటి పెద్దల ఆశీర్వాదం!"

జనం మధ్య ఉప్పలమ్మ మొగుణ్ని మోచేత్తో పొడిచింది. "గిది నువ్వు చెప్పిన పట్నం ముచ్చటనే గదనయ్యా?"

"ఆ."

"ఉన్నదున్నట్టు అప్పజెప్తాండు!"

ఎల్లస్వామి తాటిచెట్టు వైపు చూశాడు. "నేను ఒక్క లొట్టి కోసమే చెప్పిన," అన్నాడు.

మర్నాడు తెల్లవారేసరికి పోచయ్య చెట్టు కిందికి వచ్చి నిలబడ్డాడు.

"మొదటి లొట్టి గడికి తెమ్మన్నడే, ఎల్లన్నా. పెద్దమనుషులున్నరట."

"వెట్టి లేదన్నడు గద?"

"వెట్టి గాదు. చందా అట."

"ఏం ఫరక్?"

"చందా అంటె మనం నవ్వుకుంట ఇయ్యాలె."

ఎల్లస్వామి చెట్టెక్కాడు. చాలా రోజులకు తాటితలను శుభ్రం చేస్తుంటే మట్టల సందులో ఎర్రగా ఏదో తగిలింది. లాగాడు. కుచ్చు ఊగుతూ బయటికి వచ్చింది. దులిపి చూశాడు. లొట్టి మూతి మీద పెట్టి చూశాడు. కొలత తీసి కుట్టినట్టు సరిపోయింది.

గడిలో పెద్దమనుషులు వరుసగా కూర్చొని ఉప్మా తింటున్నారు. దొర వాళ్లకు తాను రజాకార్లను ఎట్లా ఎదిరించాడో చెబుతున్నాడు. ఎల్లస్వామి వచ్చి లొట్టిని వాళ్ల నడుమ పెట్టాడు. ఎర్ర రూమీ టోపీ లొట్టి నెత్తిన కూర్చొని ఉంది. నల్ల కుచ్చు గాలికి మెల్లగా ఊగుతున్నది. దాని లోపలి అంచున బంగారు దారంతో కుట్టిన దొర పేరు కొసలు బయటికి కనిపిస్తున్నాయి.

"ఇదేమిటండీ రావు గారూ?" అని ఒక పెద్దమనిషి ముందుకు వంగాడు.

దొర లేచి నిలబడ్డాడు. ఆయన చెయ్యి తెల్ల టోపీ మీదికి పోయి, అది ఉందో లేదో చూసుకొని దిగింది.

"కల్లు! నా గడిలకు కల్లు! నేను మానేసిన, తెల్వదా? ఊరందరి ముంగట చెప్తున్న, ఇగ ఈ గడపల కల్లు అడుగువెట్టొద్దు! తీస్కపో ఎల్లస్వామీ, మూతతోని సహా తీస్కపో. ఇగ ఎన్నడు తేకు!"

"ఆ," అని ఎల్లస్వామి లొట్టిని భుజానికెత్తుకున్నాడు.

అంత పాత అలవాటును దేశం కోసం ఒక్క మాటతో వదిలేసుకున్న దొర త్యాగానికి పెద్దమనుషులు లేచి చప్పట్లు కొట్టారు.